గంగానమ్మ పసుపు ఎవరికీ రాయడం లేదు

శ్రీ విశ్వావసు నామ సంవత్సరం మాఘ మాసంలో, ఏలూరు జిల్లా (నా నోటికి ఇంకా కృష్ణా జిల్లానే) నూజివీడు మండలం మామిళ్ళగూడెం కాపురస్తురాలు, కీర్తిశేషులు పామర్తి వీరరాఘవయ్య గారి భార్య గోవిందమ్మ అనే నేను, నా తదనంతరం నా ఆస్తి ఎవరికి చెందాలో, నా మాట ఎవరు వినాలో తేల్చి చెప్పి రాయించుకుంటున్న వీలునామా.

నా బుద్ధి స్థిరంగా ఉంది. మూత్రపిండాలు పని మానేశాయి గానీ బుర్ర మానలేదు. సోమవారం, గురువారం నూజివీడు వెళ్ళి రక్తం కడిగించుకుని వస్తున్నాను. ఆ మంచం మీద ఉన్నంతసేపూ మగతగా ఉంటుంది, కలలు వస్తాయి, దాచడమెందుకు. అందుకే ఇది బుధవారం మొదలుపెట్టాను. నన్నెవరూ బలవంతపెట్టలేదు. నన్ను బలవంతపెట్టగలిగిన మనిషి పోయి చాలా కాలమైంది.

రాస్తున్నది మా ఊరి దస్తావేజు లేఖరి నారాయణరావు గారు. "ఆస్తి వరకు చెప్పు గోవిందమ్మా, కథలొద్దు" అన్నారు. చెప్పింది చెప్పినట్టు రాయండి అన్నాను. ఆయన నిట్టూర్చారు. అది కూడా రాయమన్నాను. రాశారు.

ఆస్తి ఉన్నదే ఎకరన్నర పైచిలుకు. దానికి వీలునామా అక్కర్లేదు, ఉన్నది ఒక్క కూతురు. నా తొందర వేరే. నా కూతురి కూతురు మౌనికకి ఎనిమిదో నెల. అంతకుముందు రెండు కాన్పులు నిలవలేదు. ఈ బిడ్డ గంగానమ్మ పసుపు వల్లే నిలిచిందని దాని నమ్మకం. పుట్టగానే ఆ పసుపు బిడ్డ నాలుక మీద పెడతానంటోంది. పెట్టకూడదు. ఆ మాట దాని చేత ఒప్పించకుండా నేను పోతే ఈ ఆస్తి ఎవరికి రాసి ఏం లాభం? కనుక అందరూ ఓపిగ్గా వినండి.

నిబంధన 1. మామిళ్ళగూడెం పొలిమేరలో నాకు సంక్రమించిన ఎకరం అరవై సెంట్ల మామిడి తోట, తూర్పు డొంక, దక్షిణం వాగు, పడమర మా మరిది గారి తోట, ఉత్తరం మైలవరం పోయే రోడ్డు హద్దులుగా గలది, నా ఏకైక కుమార్తె పార్వతికి నా తదనంతరం దాన విక్రయాది సర్వహక్కులతో చెందవలెను. "విక్రయ" అనే మాట నారాయణరావు గారిది. నాకిష్టం లేదు. అది లేకపోతే హక్కు పూర్తి కాదట, సరే ఉండనీ.

ఇది రాయించే వేళకి తోట నిండా పూత ఉంది. పొద్దెక్కేకొద్దీ ఆ వాసన వచ్చి అరుగు మీద నా పక్కన కూర్చుంటుంది. కళ్ళు వాటంతటవే మూతపడతాయి. తేనెటీగల రొదలో ఎవరెవరి మాటలో వినపడతాయి, నా పెళ్ళినాటి మాటలు కూడా. పార్వతీ, తోట కౌలుకిచ్చినా పర్లేదు, పూత రోజుల్లో మాత్రం ఒక్కసారి వచ్చి చెట్ల కింద కాసేపు ఊరికే కూర్చో. ఇది షరతు కాదమ్మా, కోరిక.

నిబంధన 2. తోటలో ఈశాన్యం మూలనున్న చిన్నరసం చెట్టుని నరకకూడదు. ఇది షరతే. దాని మొదట్లో మట్టి అధికారులు తవ్వి పట్టుకుపోయి కొత్తమన్ను పోశారు, జాగా తెలుస్తూనే ఉంటుంది. అక్కడ ఆకుకూరలు, దుంపలు వెయ్యకూడదు. మన్ను తినే వయసు పిల్లల్ని అటు పోనివ్వకూడదు. ఆ చెట్టు కాయలతో నిరుడు చేసిన తాండ్ర ముక్కని పరీక్షకి పట్టుకెళ్ళి, తినొచ్చని చెప్పారు. చెట్టు ఏ పాపమూ చెయ్యలేదు. దాని కింద ఏం జరిగిందో ఊళ్ళో తలా ఒక రకంగా చెప్పుకుంటున్నారు కాబట్టి ఉన్నది ఉన్నట్టు రాయిస్తున్నాను. నారాయణరావు గారు కలం కింద పెట్టారు. మళ్ళీ తీయించాను.

మా ఆయన తాపీ పని చేసేవాడు. కువైట్ యుద్ధం ఆగిన మరుసటేడు, అక్కడ కాలిపోయిన ట్యాంకులూ లారీలూ కోసి తుక్కు చెయ్యడానికి మనుషులు కావాలంటే వెళ్ళాడు. గ్యాస్ కట్టర్ పట్టాడు. కనుచూపు మేరా ఇసుక, ఆ ఇసుకలో వరసగా ట్యాంకులు. లోపల దూరి కోసేవాడు. లోపలంతా సన్నటి నల్లటి దుమ్ము. "తువ్వాలు కట్టుకునేవాణ్ణి గోవిందూ, అయినా కక్కితే నల్లగా పడేది" అని చెప్పేవాడు. తిరిగొస్తూ నాకో బొచ్చు దుప్పటి, పార్వతికి కళ్ళార్పే బొమ్మ, తనకో ఇనప ముక్క తెచ్చుకున్నాడు.

ఆ ముక్క అరచేయంత పొడుగు, బొటనవేలి కంటే కాస్త లావు, ఒక కొస కోసుగా ఉండేది. చూస్తే పిసరంత. చేతిలోకి తీసుకుంటే చెయ్యి కిందకి దిగిపోయేది. గోడ నిలువు చూసే గుండుగా పనికొస్తుందని తెచ్చాడు. తాడు కట్టడానికి చిల్లి పెట్టబోతే నిప్పురవ్వలు రాలాయి. "అబ్బో, దీనికి పౌరుషం ఎక్కువ" అని వదిలేశాడు.

మా తోటల్లో కోత మొదలుపెట్టే రోజున చెట్టు కింద ఒక రాయి నిలబెట్టి, పసుపూ కుంకుమా పెట్టి, గంగానమ్మ అని మొక్కిన తర్వాతే చిక్కం కర్ర చేతబడతారు. ఆ ఏడు కూలికొచ్చిన ఆడవాళ్ళు నిలబెట్టడానికి రాయి కోసం వెతుక్కుంటుంటే, మా ఆయన లోపలికెళ్ళి ఈ ముక్క తెచ్చి చిన్నరసం కింద కోసు పైకి వచ్చేలా పాతాడు. "అమ్మంటే బరువుండాలి" అన్నాడు. అందరూ నవ్వారు, మొక్కారు, కాయ కొయ్యడానికి పోయారు.

వానలు వెనకపట్టాక చూస్తే అమ్మ చుట్టూ మట్టిలో పసుపు! కోతనాడు మేం పెట్టింది ఏనాడో కొట్టుకుపోయింది. ఇది ఎవరూ పెట్టని పసుపు. అప్పుడే దంచిన కొమ్ములంత పచ్చగా ఉంది. గీకి తీసుకుంటే మరుసటి వానలకి మళ్ళీ వచ్చేది. "అమ్మ పసుపాడుతోందే!" అని మొదట ఎవరు అరిచారో గుర్తులేదు గానీ, ఆ అరుపుకి నాకు ఒళ్ళంతా జలదరించింది. ఆ రోజు తోట మీద సన్నగా తుంపర పడుతోంది, ఎండ కూడా ఉంది. ఆ వెలుగులో ఆడవాళ్ళందరి ముఖాలూ పచ్చగా కనపడ్డాయి. ఈ జన్మకి నేను చూసిన అందమైన రోజు ఏదంటే అదే చెబుతాను, ఇప్పటికీ.

అప్పట్నుంచి ఆవిడ పసుపు గంగానమ్మ. మైలవరం, జి. కొండూరు వైపు నుంచి కూడా కార్తీకంలో వచ్చి చిటికెడు పట్టుకెళ్ళేవాళ్ళు. నుదుట పెట్టుకునేవాళ్ళు, తాళికి రాసుకునేవాళ్ళు, నీళ్ళలో కలుపుకుని తాగేవాళ్ళు, పురిటిబిడ్డ నాలుక మీద రవ్వంత పెట్టేవాళ్ళు. పసుపంటే మంచిదేగా! పసుపుని అనుమానించే ఆడది మా వైపు ఇంకా పుట్టలేదు.

నిబంధన 3. మా ఆయన గ్యాస్ కట్టర్ పనికి పెట్టుకున్న నల్ల కళ్ళద్దాలు మౌనిక భర్త వంశీకి. వారానికి రెండుసార్లు తన ఆటోలో నన్ను డయాలసిస్‌కి తీసుకెళ్ళి తీసుకొస్తాడు, గుంటలు వచ్చిన చోటల్లా "పట్టుకోండి అమ్మమ్మ గారూ" అంటాడు. ఆ కళ్ళద్దాల మీద అధికారులు మీటరు పెట్టి చూశారు, శుభ్రంగా ఉన్నాయన్నారు. వంశీ, మిట్టమధ్యాహ్నం అవి పెట్టుకుని తోటలో నిలబడు. ఎండంతా వెన్నెలైపోతుంది. ఆయన పోయాక నేను రోజూ అలాగే నిలబడేదాన్ని. ఆ వెన్నెల్లో ఆయన చెట్ల మధ్య నుంచి నడిచి వస్తున్నట్టే ఉండేది, దగ్గరికి మాత్రం వచ్చేవాడు కాదు. ఆటో నడిపేటప్పుడు పెట్టుకోకు, గేదెల మీదకి ఎక్కిస్తావు.

ఆయన దగ్గుతో పోయాడు. డాక్టరు బీడీలన్నాడు. బీడీలు తాగేవాడు, అబద్ధం కాదు. ఆ నల్ల దుమ్మా, బీడీలా అని ఇప్పుడు అడిగితే చెప్పేవాళ్ళు లేరు.

నిబంధన 4. నా పెద్ద ఆవకాయ జాడీ మా తోడికోడలు నాగరత్నానికి. మూత లేదు. మూత ఎవరి చేతిలో పగిలిందో ఆవిడకే తెలుసు.

నాగరత్నం మీద నాకున్న కోపం మూత గురించి కాదు. మా ఆయన పోయిన ఏడాదికి, కార్తీకంలో, అమ్మ దగ్గర పసుపు తీస్తూ అలవాటుగా నా బుగ్గలకి రాసుకున్నాను. "మొగుడు పోయిన దానికి పసుపేంటక్కా, చోద్యం కాకపోతే!" అంది అందరి ముందూ. చెయ్యి అలాగే ఆగిపోయింది. అప్పుడు కూలికొచ్చిన వాళ్ళలో ఒకామె, పేరు కూడా తెలియదు, "అమ్మ ఇచ్చిన పసుపుకి ఆ పట్టింపులు లేవులెండి, రాసుకోండి" అంది. ఎవరూ కాదనలేకపోయారు. ఆ తర్వాత ఇన్నేళ్ళూ ఈ ఊళ్ళో ముఖాన పసుపుతో తిరిగిన విధవని నేనొక్కదాన్నే. అద్దంలో నా ముఖం నాకు నచ్చింది. కుంకుమ చెరిపేసిన వాళ్ళు నా ముఖం కూడా చెరిపేశారనుకున్నాను, అమ్మ తిరిగిచ్చింది. అందుకే ఆ పసుపుని కాదనడం ఎంత కష్టమో నాకంటే ఎవరికీ తెలియదు. నాగరత్నం, ఈ ముక్క చదివేటప్పుడు నువ్వు ఏడుస్తావని నాకు తెలుసు. జాడీ ఎండలో పెట్టి వాడుకో.

నిబంధన 5. ఈ వీలునామా అమలు జరిపే బాధ్యత నాగరత్నం కొడుకు సుభాష్‌కి అప్పగిస్తున్నాను. ఊళ్ళో వాళ్ళు ముక్కు మీద వేలేసుకుంటారు. వేసుకోనీ.

మొన్న కార్తీకంలో గంగానమ్మని దొంగిలించినవాడు వీడే. బరువు చూసి ఖరీదైన లోహమనుకున్నాడు. మైలవరంలో తుక్కు కొనే అతనికి అమ్మేశాడు. ఆ తుక్కు లారీ కరిగించే ఫ్యాక్టరీ గేటు దగ్గరికి పోగానే అక్కడి మీటరు కూసిందట. అందరినీ ఆపి, ఎక్కడిది ఎక్కడిదని వెనక్కి లాక్కుంటూ వచ్చి మా చిన్నరసం కింద తేలారు. తెల్ల బట్టలు, చేతులకి తొడుగులు, ముక్కుకి గుడ్డలు. మా ఆడవాళ్ళు చెట్ల వెనక నిలబడి చూశారు. అప్పటికి అమ్మ పోయిందని నేను మూడు పూటలు ముద్ద ముట్టలేదు. దొంగ వెధవ అని సుభాష్‌ని తిట్టిన తిట్లు వాడి ఏడు తరాలకి సరిపోతాయి. అధికారులు అడిగితే మాత్రం వాడు పారిపోలేదు. "నేనే తీశాను పెద్దమ్మా, కొట్టు" అని నా ముందుకొచ్చి నిలబడ్డాడు. వాడు దొంగతనం చెయ్యకపోతే మౌనిక ఇవాళ్టికీ ఆ పసుపు నీళ్ళు తాగుతూనే ఉండేది. సుభాష్, నీ తప్పు మాఫీ. చిక్కం కర్ర కూడా నీదే.

వాళ్ళతో వచ్చిన కీర్తిప్రియ మేడమ్ అనే అధికారి నా అరుగు మీదే కూర్చుని చెప్పింది. నాకు అర్థమైంది రాయిస్తున్నాను. అది ఇనుము కాదు, యురేనియం. అందులో కరెంటుకీ బాంబుకీ పనికొచ్చే సత్తువ లాగేసుకోగా మిగిలింది. రసం పీల్చేశాక టెంక మిగులుతుందే, అలాంటిది. కానీ ఈ టెంక సీసం కంటే బరువు. అందుకని దాన్ని తూటాగా పోతపోసి ట్యాంకుల్ని తూట్లు పొడవడానికి వాడారట, అమెరికా వాళ్ళు. మా ఆయన తెచ్చుకున్నది గురి తప్పి ఇసుకలో పడిన అలాంటి తూటా ముక్క. దాన్ని తడిమట్టిలో పెడితే తుప్పు పడుతుంది. మామూలు ఇనుముకి ఎర్ర తుప్పు, దానికి పచ్చ తుప్పు. ఇన్నేళ్ళూ మేం కళ్ళకద్దుకున్నది ఆ తుప్పు.

"ఒంటి మీద పెట్టుకుంటే పెద్ద ప్రమాదం లేదమ్మా. పొడి లోపలికి పోకూడదు. ఊపిరితో పోతే అక్కడే ఏళ్ళ తరబడి ఉంటుంది. తాగితే చాలా వరకు బయటికి పోతుంది, పోని కాస్తా మొదట కొట్టేది మూత్రపిండాలనే" అంది. నాకు ఇలా అయింది దానివల్లేనా అని అడిగాను. ఆ పిల్ల నా కళ్ళలోకి చూసి, "చెప్పలేనండీ. మీకు బీపీ ఉంది, నొప్పుల బిళ్ళలు చాలా మింగారు, ఈ చుట్టుపక్కల నీళ్ళ మీద కూడా అనుమానాలున్నాయి. దానివల్లేనని అనలేను, కాదనీ అనలేను" అంది. మౌనిక పోగొట్టుకున్న రెండు కాన్పుల గురించి అడిగాను. "దానికీ అదే జవాబు" అంది. అబద్ధం చెప్పి పోవచ్చు కదా, పోలేదు. అందుకే ఆ పిల్ల మాట నమ్మాను.

పసుపు తీసుకున్న ఆడవాళ్ళందరికీ మూత్రపరీక్షలు చేశారు. మౌనికది ఫర్వాలేదన్నారు, ఇకమీదట తాగవద్దన్నారు. స్కానింగులో బిడ్డ బాగుంది. అది చెబితే మౌనిక ఏమందో తెలుసా? "బాగుంది కదా అమ్మమ్మా, అమ్మ వల్లే."

నిబంధన 6. అధికారులు మట్టంతా ఎత్తుకుపోయిన రోజున నేను ఒక్కటి ఇవ్వలేదు. నా పసుపు బరిణె. అందులో నిరుటి కార్తీకం నాటి గంగానమ్మ పసుపు సగం వరకు ఉంది. మేడమ్ శుక్రవారం గుంట మట్టి మళ్ళీ చూడటానికి వస్తానంది. ఆ బరిణె ఎవరికి చెందాలన్నది...

నారాయణరావు గారూ, ఇక్కడ కాస్త ఖాళీ వదలండి. రేపు గురువారం, కుదరదు. ఎల్లుండి రండి.

శుక్రవారం. ఇక్కడి నుంచి మళ్ళీ మొదలు.

నిన్న మంచం మీద రక్తం బయటికి పోయి తిరిగి వస్తుంటే కళ్ళు మూతపడ్డాయి. ఇసుక మీద నడుస్తున్నాను. ఇసుకంతా మామిడి పూత రాలి ఉంది. మా ఆయన ట్యాంకు మీద కూర్చుని బీడీ వెలిగించుకుంటున్నాడు. ఈసారి దగ్గరికి వెళ్ళగలిగాను. "లోపల ఎవరున్నారండీ?" అని అడిగాను, ట్యాంకు చూపించి. బతికున్నప్పుడు ఎన్నడూ అడగని మాట. ఆయన తల దించుకున్నాడు. "పిల్లలే గోవిందూ. మన సుభాష్ అంత వాళ్ళు. కాలిపోయారు" అన్నాడు. లోపలికి తొంగి చూశాను. నలుపంతా తడిసి పచ్చగా తుప్పు పడుతోంది. అది గీకి బరిణెలో పోసుకోవడానికి చుట్టూ ఆడవాళ్ళు వరసలో నిలబడ్డారు. వరసలో ముందు మౌనిక ఉంది, చంకలో బిడ్డతో. వద్దే అని అరవబోతే గొంతు రాలేదు. నర్సు వచ్చి "ఏంటమ్మా, నొప్పా?" అని లేపింది. నొప్పే అన్నాను.

కల కాబట్టి నిజం కాదని నారాయణరావు గారు అంటున్నారు. మా ఆయన తూటా తెచ్చింది మాత్రం ఆ ట్యాంకుల మధ్య నుంచే కదా. మనుషుల్ని కాల్చడానికి చేసిన దాన్ని తెచ్చి మేం అమ్మని చేసుకున్నాం. మాకు తెలియదు. తెలియక మొక్కినందుకు అమ్మ కోప్పడదు. తెలిసీ మొక్కితే ఏమంటుందో!

నిబంధన 6 పూర్తి చేస్తున్నాను. బరిణెని ఎవరికీ రాయడం లేదు. ఇవాళ పొద్దున కీర్తిప్రియ మేడమ్ వస్తే నా చేత్తో నేనే ఇచ్చేశాను. ఆ పిల్ల తిట్టలేదు. తొడుగులు వేసుకుని రెండు చేతులతో తీసుకుంది, తాంబూలం అందుకున్నట్టు. ఇచ్చాక చెయ్యి తేలికైంది, గుండె కాలేదు. ఇవ్వకముందు ఒక్కసారి మూత తీసి చూసుకున్నాను. రాసుకోలేదు. చూశానంతే.

నిబంధన 7. తోటల్లో పనికొచ్చే ఆడవాళ్ళకి. దొడ్లో నేను వేసిన పసుపు మడి మీది. కొమ్ములు ఈ నెలలోనే తవ్వుకోండి, ఉడకబెట్టి ఎండబెట్టండి, పంచుకోవడంలో జుట్లు పట్టుకోకండి. మీ ఇళ్ళలో దాచుకున్న గంగానమ్మ పసుపు మాత్రం పంచాయతీ ఆఫీసులో మేడమ్ పెట్టిన డబ్బాలో వెయ్యండి. నూతిలో పారెయ్యొద్దు, పొయ్యిలో పొయ్యొద్దు, చీపురుతో ఊడ్చి దుమ్ము లేపొద్దు, తడిగుడ్డతో తియ్యండి. భయంతో చచ్చిపోకండి, అంత లేదన్నారు. నిర్లక్ష్యమూ చెయ్యకండి. కోతనాడు మామూలు రాయి నిలబెట్టుకోండి. అమ్మ లేదని నేననడం లేదు. ఆ తూటాలో లేదంటున్నాను.

నిబంధన 8. నేను ఉంటున్న రెండు గదుల డాబా కూడా పార్వతికే. కువైట్ బొచ్చు దుప్పటి అధికారులు పట్టుకెళ్ళారు, ఎవరూ వెతకొద్దు.

నిబంధన 9. నేను పోయాక నా ఒంటికి స్నానం చేయించేటప్పుడు బజారు పసుపు, మామూలు పసుపు, నా ముఖానికీ పాదాలకీ రాయవలెను. విధవకి రాయకూడదని ఎవరైనా అంటే ఈ కాగితం చూపించండి. రాసే చెయ్యి నాగరత్నానిదైతే సంతోషం.

నిబంధన 10. నా మనవరాలు మౌనికకి నా ఆస్తిలో ఏమీ రాయడం లేదు. గిన్నె కూడా లేదు. ఇది కోపం కాదు, మరుపు కాదు. కారణం చెబుతాను.

మౌనికా, నారాయణరావు గారు ఇదంతా పైకి చదువుతుంటే నువ్వు గుమ్మంలో కూర్చుని వింటావు. అందుకే నిన్ను ఇవాళ పిలిపించాను. నా బరిణె పోతే పోయింది, వీధిలో ఎవరింట్లోనైనా చిటికెడు దొరుకుతుందని నీ ధైర్యం. నాకు తెలుసు. నేను నీ చుట్టూ ఎన్నాళ్ళు కాపలా కాస్తాను? వచ్చే గురువారం మంచం మీద నుంచి లేస్తానో లేదో నాకే తెలియదు.

నువ్వు వెర్రిదానివని నేను అనను. రెండుసార్లు ఖాళీ ఒడితో ఇంటికొచ్చిన దానివి. దేన్ని పట్టుకుంటే మూడోది నిలుస్తుందా అని చూసినదానివి. నీ స్థానంలో నేనున్నా అదే పట్టుకునేదాన్ని. కానీ ఆ పసుపు తాగకముందు ఈ లోకంలో ఆడవాళ్ళు బిడ్డల్ని కనలేదా? మీ అమ్మని కన్నప్పుడు గంగానమ్మ ఎక్కడుంది? కువైట్ ఇసుకలో కూడా లేదు, ఎక్కడో ఫ్యాక్టరీలో ఉంది. నీ బిడ్డని మోస్తున్నది నువ్వు. ఎనిమిది నెలల నుంచీ వాంతులూ నడుంనొప్పీ నీవి. ఆ గొప్ప తీసుకెళ్ళి తుప్పుకి ఇస్తావేంటే? పెద్దవాళ్ళం మనం తాగితే చాలా వరకు పోతుందన్నారు. పుట్టిన గంటకి అంత చిన్న మూత్రపిండాలు ఏం చేస్తాయో ఆ మేడమ్ కూడా చెప్పలేకపోయింది. తెలియని దాన్ని తెలిసి పెట్టకు. బిడ్డ నాలుక మీద ఏదీ పెట్టొద్దు. తేనె వద్దు, నా దొడ్లో పసుపు కూడా వద్దు. నీ పాలు చాలు. ఆస్పత్రిలో కను.

వీలునామాకి ఇద్దరు సాక్షులు సంతకం చెయ్యాలట. ఒకరు తక్కువైనా చెల్లదట. ఆస్తి అందుకునేవాళ్ళు సాక్షిగా ఉండకపోవడం మంచిదట, రేపు పేచీలొస్తాయని. అందుకే నీకేమీ రాయలేదు. మొదటి సాక్షి మా తోట కావలి చిన్నయ్య, వేలిముద్ర వేస్తాడు. రెండో చోటు నీది. నువ్వు సంతకం పెడితే, బిడ్డకి ఆ పసుపు పెట్టనని నాకు మాటిచ్చినట్టు. నా మొహమాటానికి పెట్టొద్దు, మనసులో లేకపోతే పెట్టనే వద్దు. ఆ చోటు ఖాళీగా ఉండిపోతుంది. ఈ కాగితం, ఇందులో నేను ఇచ్చినవీ, అడిగినవీ, ఏవీ చెల్లవు. చెల్లకపోనీ. ఇంకెవరి సంతకమూ తీసుకోవద్దని నారాయణరావు గారికి గట్టిగా చెప్పాను. ఆయన నెత్తి కొట్టుకున్నారు.

నేను బతికుండగా ఈ వీలునామా మార్చుకోవడానికీ, చించి పారెయ్యడానికీ నాకు పూర్తి హక్కు ఉంది. దీనికి ముందు నేను ఏ వీలునామా రాయలేదు. పైన ఉన్నదంతా నాకు చదివి వినిపించారు. నిట్టూర్పులతో సహా సరిగ్గానే ఉంది.

తేదీ: 6 ఫిబ్రవరి 2026, మాఘ బహుళ పంచమి, శుక్రవారం. మామిళ్ళగూడెం, నా అరుగు మీద.

పామర్తి గోవిందమ్మ
(నా చేవ్రాలు.)

వ్రాసినవారు: నారాయణరావు, దస్తావేజు లేఖరి. చెప్పింది చెప్పినట్టు వ్రాసితిని. రెండో సాక్షి కలం కింద పెట్టి వెళ్ళి, తిరిగి వచ్చేవరకు ఆగినందున ఆలస్యమైనది.

సాక్షులు:

1. చిన్నయ్య, తోట కావలి (ఎడమ బొటనవేలి ముద్ర)

2. మౌనిక. మొత్తం విన్నాను. నా దగ్గర ఇంకొక పొట్లం ఉంది అమ్మమ్మా, అది కూడా డబ్బాలో వేసి వచ్చి సంతకం పెడుతున్నాను.